చత్వారం వచ్చాక చేసే ప్రయాణాలు

మీ ప్రశ్నను రెండుసార్లు నిదానంగా చదివాను. మీకు 46 ఏళ్ళు. మధురవాడలో సొంత ఫ్లాటు ఉంది, పరవాడ వైపు ఒక మందుల కంపెనీలో ఇరవై ఏళ్ళుగా ఉద్యోగం ఉంది. అమ్మాయి ఇంజనీరింగు చదువుకు హైదరాబాదు వెళ్ళిపోతోంది. షిప్‌యార్డులో వెల్డరుగా పనిచేసిన నాన్నగారు నిరుడు కాలం చేశారు. పైకి ఏ లోటూ లేకపోయినా ఏదో చేజారిపోతున్నట్టు తెల్లవారుజామున మెలకువ వస్తోందని రాశారు. ఉద్యోగానికి రాజీనామా చేసి, మోటారు సైకిలు మీద ఒక్కరే కన్యాకుమారి నుంచి లదాఖ్ దాకా ఏడాది పాటు తిరిగివస్తే మనసు కుదుటపడుతుందా అని అడిగారు. నడివయసులో ప్రయాణాలు నాకేం నేర్పాయో కూడా చెప్పమన్నారు.

నాకిప్పుడు 61 ఏళ్ళు. వాల్తేరు కేంద్రంగా 33 ఏళ్ళు గూడ్సు బండ్ల గార్డుగా పనిచేసి 2024లో పదవీ విరమణ చేశాను. 2022 నుంచి ఆ ఉద్యోగాన్ని ట్రైన్ మేనేజర్ అంటున్నారు గానీ, మా తరం వాళ్ళం చివరిదాకా గార్డులమనే చెప్పుకున్నాం. నా సర్వీసులో ఎక్కువ భాగం కొత్తవలస నుంచి కిరండోల్ వెళ్ళే మార్గంలో, అంటే మేము కేకే లైను అని పిలుచుకునే దారిలో గడిచింది. మనస్తత్వ శాస్త్రం చదివినవాణ్ణి కాను. తిరగడం నా వృత్తి, మీరు చెబుతున్న దశను నేనూ దాటి వచ్చాను, ఆ రెంటి వల్ల తెలిసినంతే చెప్పగలను. నా అభిప్రాయం ముందే చెప్పేస్తాను: ప్రయాణాలు తప్పకుండా చేయండి, రాజీనామా మాత్రం చేయకండి. ఏడాది పాటు ఒంటరిగా దూరాలు తిరగడం కంటే, ఇదివరకు చూశాననుకున్న చోట్లకే, మీ వాళ్ళను వెంటబెట్టుకుని, నెమ్మదిగా మళ్ళీ వెళ్ళండి. ఎందుకిలా అంటున్నానో కొంచెం విస్తరించి చెప్పవలసి ఉంది.

అంతకంటే ముందు ఒక జాగ్రత్త. వేకువనే మెలకువ రావడం, ఆకలి మందగించడం, ఇష్టమైన పనుల మీద కూడా ఆసక్తి పోవడం రెండు వారాలకు మించి దాదాపు రోజూ ఉంటే అది కుంగుబాటు కావచ్చు, దానికి వైద్యం ఉంది. తండ్రిని పోగొట్టుకున్న ఏడాదిలో అలా జరగడం అరుదేమీ కాదు. వాల్తేరులోని ప్రభుత్వ మానసిక వైద్యశాలకు గానీ, మీకు తెలిసిన మానసిక వైద్యుల దగ్గరకు గానీ ముందు వెళ్ళండి, ప్రయాణం సంగతి ఆ తర్వాత ఆలోచించవచ్చు. మాతో పనిచేసిన ఒకాయన ఇటువంటి స్థితిలో ఒక తీర్థం తర్వాత ఒక తీర్థం తిరుగుతూ రెండేళ్ళు వైద్యం లేకుండా గడిపేశాడు. ఆ రెండేళ్ళు ఆయన భార్యాబిడ్డలు పడిన కష్టాన్ని దగ్గరుండి చూశాను కనుక ఈ మాట గట్టిగా చెబుతున్నాను.

మన భాషలో చత్వారం అనే మాట ఉంది. నలభైని సంస్కృతంలో చత్వారింశత్ అంటారు. నలభై దాటాక వచ్చే చూపు ఇబ్బందికి ఆ అంకెనే పేరుగా పెట్టుకున్నారు మన పెద్దలు. కంటిలోని కటకం వయసుతో బిరుసెక్కి, దగ్గరి వస్తువును చూడవలసి వచ్చినప్పుడు తగినంత వంపు తెచ్చుకోలేకపోవడం వల్ల ఇది వస్తుంది. దూరంగా ఉన్న సిగ్నలు చక్కగా కనిపిస్తూనే ఉంటుంది, చేతిలోని కాగితమే అలికినట్టవుతుంది. నాకు ఈ సంగతి 2007లో, 43 ఏళ్ళ వయసులో, ఒక వానాకాలపు రాత్రి బొడ్డవర స్టేషనులో తెలిసింది. ముందున్న దారిలో ఏ కిలోమీటరు దగ్గర వేగం ఎంతకు తగ్గించాలో రాసి ఇచ్చే కాషన్ ఆర్డరును, బండి చివర గార్డు ఉండే బ్రేక్ వ్యాన్‌లో దీపం దగ్గర పెట్టుకుని చదవబోతే అంకెలు ఒకదాని మీదికి ఒకటి ఎక్కేశాయి. దీపం మందగించిందనుకుని కాగితాన్ని కంటికి ఇంకా దగ్గర చేశాను, మరింత చెదిరింది. చివరికి విసుగుతో చేయి చాచేసరికి అక్షరాలన్నీ విడివిడిగా నిలబడ్డాయి. కళ్ళద్దాలు మరుసటి వారమే వచ్చాయి. అయితే ఆ రాత్రి చేయి చాచినప్పుడు కలిగిన ఆశ్చర్యం మాత్రం చాలాకాలం వదల్లేదు. దగ్గరున్నదాన్ని చదవాలంటే కొంత ఎడం కావాలన్న విషయం కంటికి సంబంధించినదే కాదని నాకు అర్థం కావడానికి మరో నాలుగేళ్ళు పట్టింది.

ఆ నాలుగేళ్ళూ నా పరిస్థితి ఇంచుమించు మీదే. ఎస్.కోట దగ్గర మా ఊళ్ళో నాన్న వదిలిపెట్టిన ఇంటి పెరడు విషయంలో మా తమ్ముడికీ నాకూ మాటపట్టింపు వచ్చి, రాకపోకలు ఆగిపోయాయి. డ్యూటీ నుంచి వచ్చి ఇంట్లో పడుకుని లేచి మళ్ళీ డ్యూటీకి వెళ్ళడం తప్ప పిల్లలు ఏ తరగతిలో ఉన్నారో కూడా అడిగితే ఆలోచించి చెప్పే స్థితికి వచ్చాను. ఈ ఊపిరాడనితనమంతా ఒకే చోట ఉండిపోవడం వల్లనేనని నమ్మి, 2008లో ఇరవై రోజులు సెలవు పెట్టి ఒక్కణ్ణే ఉత్తరాదికి బయలుదేరాను. కాశీ, ప్రయాగ, అయోధ్య, హరిద్వారం, ఋషీకేశం, ఇంకా దారిలో తగిలినవన్నీ చూశాను. ఏ ఊళ్ళోనూ మూడు రాత్రులు నిద్ర చేయలేదు.

కాశీలో తెలుగువాళ్ళు దిగే ఆశ్రమంలో ఉండి, తెల్లవారక ముందే గంగ ఒడ్డుకు వెళ్ళేవాణ్ణి. పడవలు, మంత్రాలు, పొగమంచులో కనిపించీ కనిపించని మెట్లు, ఇవన్నీ నా ఎదుట ఉన్నాయి. నేను మాత్రం తమ్ముడు అన్న మాటకు ఆ రోజు ఏమని సమాధానం చెప్పి ఉండవలసిందో లోలోపల కూర్చుకుంటున్నాను. కాశీకి వెళ్ళినవాళ్ళు ఇష్టమైనదేదో ఒకటి అక్కడ వదిలి రావాలంటారు కదా. అనంతగిరి నుంచి వచ్చే సీతాఫలాలంటే నాకు ప్రాణం. ఆ పండును వదిలేశాను, ఈ రోజుకూ ముట్టుకోలేదు. అంత ఇష్టమైన పండును ఒక్క మునకతో వదులుకోగలిగినవాణ్ణి, నాలుగు సెంట్ల పెరడు మీది కోపాన్ని పదిహేను వందల కిలోమీటర్లు మోసుకెళ్ళి, భద్రంగా తిరిగి మోసుకొచ్చాను. ఇంటికి వచ్చిన రాత్రి మా ఆవిడ "ఎలా జరిగింది?" అని అడిగితే, ఊళ్ళ పేర్లు వరసగా చెప్పాను. ఆమె కాసేపు విని, "అయితే నువ్వేం చూశావు?" అంది. నా దగ్గర జవాబు లేదు.

కాశీయాత్ర వ్యర్థమని నేను అనడం లేదు. ఏనుగుల వీరాస్వామయ్య గారు సుమారు యాభై ఏళ్ళ వయసులో, 1830 మే నెలలో చెన్నపట్నం నుంచి కాశీకి బయలుదేరి, పెద్ద పరివారంతో పదిహేను నెలలకు పైగా ప్రయాణించి 1831 సెప్టెంబరులో తిరిగివచ్చారు. తిరుగు ప్రయాణంలో మన ఉత్తరాంధ్ర తీరం మీదుగానే దక్షిణానికి నడిచారు. ఏ ఊళ్ళో నీళ్ళు ఎలా ఉన్నాయి, దిగడానికి వసతి ఉందా, బాట ఎలాంటిది, ఏ సరుకులు దొరుకుతాయి అన్న వివరాలన్నీ ఆయన దారిపొడవునా రాసి మిత్రుడికి పంపుతూ వచ్చారు. ఆయన ప్రయాణానికీ నా ఇరవై రోజుల తిరుగుడుకూ మధ్య ఉన్న తేడా రైలు వేగం ఒక్కటే అనుకోను. ఆయన తన మనుషులను వెంట తీసుకుని వెళ్ళారు, వెళ్ళలేని మిత్రుడి కోసం కూడా చూశారు. ఎవరికో చెప్పాలని చూసేవాడి చూపు బయటికి తెరుచుకుని ఉంటుంది. నేను ఎవరికీ చెప్పనక్కరలేని ప్రయాణం చేశాను, అందుకే నాలోకే చూసుకుంటూ తిరిగాను. మీరు ఒంటరిగా వెళ్తానన్నప్పుడు నాకు మొదట గుర్తొచ్చింది ఇదే.

ఇక నా జీవితంలో నిజంగా పనిచేసిన ప్రయాణం గురించి చెబుతాను. అది 32 కిలోమీటర్లు, ఒక పగలూ ఒక రాత్రీ పట్టింది, బయలుదేరిన చోటికే చేరింది.

2011 జూలైలో, ఆషాఢ పౌర్ణమి ముందు రోజు, మా ఆవిడ నన్ను సింహాచలం గిరి ప్రదక్షిణకు రమ్మంది. విశాఖలో పెద్దయిన మీకు దాని గురించి చెప్పనక్కరలేదు గానీ, ఎప్పుడూ నడవలేదని మీరే రాశారు కనుక కొంచెం చెబుతాను. కొండ దిగువన తొలిపావంచా దగ్గర కొబ్బరికాయ కొట్టి, అడవివరం మీదుగా హనుమంతవాక, జోడుగుళ్ళపాలెం, అప్పుఘర్ దాకా వచ్చి, సముద్రంలో కాళ్ళు తడుపుకుని, ఊరి మధ్యలోంచి మాధవధార, గోపాలపట్నం మీదుగా మళ్ళీ కొండ దగ్గరకు చేరతారు. లక్షల మంది చెప్పులు లేకుండా నడుస్తారు. అడుగడుగునా మంచినీళ్ళు, మజ్జిగ, పులిహోర పెట్టేవాళ్ళు ఉంటారు. ఆ సంవత్సరం మా ఆవిడ నాకు చెప్పకుండా మా తమ్ముణ్ణి కూడా పిలిచింది. తొలిపావంచా దగ్గర ఆ గుంపులో అతను కొబ్బరికాయ పట్టుకుని నిలబడి ఉంటే, వెనక్కి తిరిగి వెళ్ళిపోవడానికి నాకు దారి లేదు. వెనక నుంచి జనం తోస్తున్నారు, దారి ముందుకే ఉంది.

హనుమంతవాక వరకు మేమిద్దరం ఒక్క మాటా అనుకోలేదు. కుర్చీల్లో ఎదురెదురుగా కూర్చుంటే ముఖాలు చూసుకోవాలి, ముఖం చూస్తే పాత మాటలన్నీ పైకి వస్తాయి. పక్కపక్కన నడిచేటప్పుడు ఇద్దరి చూపూ ముందుకే ఉంటుంది. రోడ్డు మీది గులకరాయి ఇద్దరి కాలికీ గుచ్చుకుంటుంది. అప్పుఘర్ దగ్గర నీళ్ళలో దిగినప్పుడు అతనే "అన్నయ్యా, కాసేపు కూర్చుందామా, మోకాలు లాగుతోంది" అన్నాడు. మోకాలు ఎప్పటి నుంచి నొప్పి అని అడిగాను. ఏడాదిన్నర అన్నాడు. నాకంటే నాలుగేళ్ళు చిన్నవాడు, ఏడాదిన్నరగా మెట్లు ఎక్కలేకపోతున్నాడు, నాకు తెలియదు. ఇసుకలో కూర్చుని అతని కాలు నా ఒళ్ళో పెట్టుకుని నొక్కుతుంటే, మూడేళ్ళుగా నేను మనసులో వాదిస్తున్నది వేరే ఎవరితోనో అనిపించింది. పెరడు సంగతి ఆ రాత్రి మాధవధార దాటాక, ఎవరో ఇచ్చిన మజ్జిగ తాగుతూ పది నిమిషాల్లో తేలిపోయింది. ఎవరి వాటా ఎంతో మీకు చెప్పడం అనవసరం. తెల్లవారుజామున గోపాలపట్నం చేరేసరికి ముగ్గురికీ పాదాలు బొబ్బలెక్కాయి.

ఆ నడకలో నేను గమనించినది మరొకటి ఉంది. ఇన్నేళ్ళుగా నేను ఉంటున్న ఊరు, రోజూ స్కూటరు మీద తిరిగే రోడ్లు, అవన్నీ నడకలో నాకు కొత్తగా కనిపించాయి. ఎక్కడ రోడ్డు ఎత్తు, ఎక్కడ పల్లం అనేది పాదాలకు తెలిసింది. వానాకాలపు రాత్రి కొండ వైపు నుంచి వచ్చే గాలికీ సముద్రం వైపు నుంచి వచ్చే గాలికీ వాసనలో తేడా తెలిసింది. ఉత్తరాదిలో ఇరవై రోజుల్లో చూడలేకపోయినది ఇంటికి పది కిలోమీటర్ల దూరంలో చూడగలిగానంటే, ఎడం అనేది కిలోమీటర్లలో కొలిచేది కాదని నాకు అప్పుడు తేలింది. రోజూ చేసే పనిలోంచి, రోజూ నడిచే వేగంలోంచి పక్కకు జరిగితే చాలు, దగ్గరివాళ్ళు చేయి చాచిన దూరంలోకి వస్తారు.

నా వృత్తి నుంచి కూడా ఒక సంగతి చెబుతాను, ఎందుకంటే నడివయసు అనగానే నాకు కళ్ళ ముందు కనిపించేది శిమిలిగుడ స్టేషనే. బైలదిలా కొండల ఇనుప ఖనిజాన్ని విశాఖ రేవుకు చేర్చి జపానుకు ఎగుమతి చేయడం కోసం 1960లలో వేసిన లైను మాది. సముద్ర మట్టం దగ్గర మొదలై, 58 సొరంగాల దారిలో తూర్పు కనుమలను ఎక్కుతుంది. ఆ దారికి శిఖరమైన శిమిలిగుడ 996 మీటర్ల ఎత్తున ఉంటుంది. విశాఖ నుంచి పైకి వెళ్ళే రేకు, అంటే వ్యాగన్ల వరస, ఖాళీగా వెళ్తుంది, బైలదిలా నుంచి కిందికి వచ్చే రేకు ఖనిజంతో నిండి వస్తుంది. అంటే ఈ ఘాట్‌లో బరువంతా దిగేటప్పుడే ఉంటుంది. ఎక్కేటప్పుడు ఇంజను బలం గురించి ఆలోచిస్తాం. దిగే ముందు మాత్రం బ్రేకుల శక్తిని పరీక్షించి, లెక్కలు సరిపోయాయని కాగితం మీద రాసుకుని, గాలి పీడనం చూపే గేజీ మీద కన్ను పెట్టుకుని, అనుమతించిన వేగానికి మించకుండా దిగాలి. బండి అదుపు తప్పితే పక్కకు మళ్ళి ఎత్తుకెక్కి ఆగిపోయేలా ఘాట్ దారుల్లో క్యాచ్ సైడింగులు అని విడిగా పట్టాలు వేసి ఉంచుతారు. కొత్తగా చేరిన కుర్రవాళ్ళు ఎక్కడాన్ని కష్టమనుకుంటారు, అనుభవం ఉన్న డ్రైవర్లు దిగడం గురించే మాట్లాడతారు.

మీ 46 ఏళ్ళ వయసు ఆ శిఖరం స్టేషను లాంటిది. ఇరవై ఏళ్ళ వయసులో మీరు ఖాళీ రేకుతో ఎక్కారు, ఎక్కడ ఆగినా ఎవరికీ నష్టం లేదు. ఇప్పుడు మీ వెనక అమ్మాయి చదువు ఉంది, ఫ్లాటు బాకీ ఉంది, ఒంటరిగా మిగిలిన మీ అమ్మగారు ఉన్నారు, మీ శ్రీమతి ఉన్నారు. ఈ బరువును భారమని అనుకుని శిఖరం మీద వదిలేసి ఖాళీగా దిగిపోవాలని అనిపించడం సహజం. ఆ ఖనిజాన్ని రేవుకు చేర్చడానికే కదా అంత ఎత్తుకు లైను వేసింది. మీరు చేయవలసినది కాసేపు ఆగి బ్రేకులు చూసుకోవడం. ఆరోగ్య పరీక్షలు, అప్పుల లెక్క, నిద్ర, మానేయవలసిన అలవాట్లు, మొహమాటానికి ఒప్పుకున్న అదనపు బాధ్యతలు, ఇవన్నీ ఆ పరీక్షలోకే వస్తాయి. ఏడాది రాజీనామాకు బదులుగా పోగుబడిన సెలవులు నెల రోజులు అడిగి చూడండి. ఇరవై ఏళ్ళు పనిచేసిన మనిషికి నెల రోజులు ఇవ్వడానికి ఎక్కువ యాజమాన్యాలు ఒప్పుకుంటాయి. 47 ఏళ్ళ వయసులో ఏడాది విరామం తర్వాత అదే జీతానికి కొత్త ఉద్యోగం వెతుక్కోవడం మాత్రం మీరు అనుకుంటున్నంత తేలిక కాదు.

ఇప్పుడు చెప్పబోయేది నేను సరిగ్గా చేయని పని. 33 ఏళ్ళు ఆ ఘాట్‌లో తిరిగాను. కార్తీకంలో అరకు పొలాలన్నీ వలిసె పూలతో పసుపుపచ్చగా మారిపోవడం, కాఫీ తోటల్లో సిల్వర్ ఓక్ చెట్లకు మిరియాల తీగలు అల్లుకోవడం, తొలకరికి బొర్రా దగ్గర కొండ చరియల నుంచి నీళ్ళు దారాలుగా జారడం, ఇవన్నీ బ్రేక్ వ్యాన్ వెనక నిలబడి చూశాను. బండి చివర ఉండేవాడికి ప్రతిదీ దాటిపోయాక, దూరమవుతూ కనిపిస్తుంది. డ్యూటీల మధ్య మేము విశ్రాంతి తీసుకునే రన్నింగ్ రూమ్‌లో వంట చేసుకుంటూ ఇవన్నీ సహోద్యోగులతో చెప్పుకున్నాం. మా ఆవిడను మాత్రం ఆ దారిలో సర్వీసు మొత్తంలో ఒకే ఒక్కసారి, పిల్లలు చిన్నగా ఉన్నప్పుడు తీసుకెళ్ళాను. పదవీ విరమణ చేసిన నెలలో కిరండోల్ ప్యాసింజరుకు ఇద్దరికీ టికెట్లు తీశాను. మొదటిసారి నేను ముందుకు తిరిగి కూర్చుని ఆ దారిని చూశాను. ప్రతి సొరంగానికీ ముందే ఆమెకు చెప్పేవాణ్ణి. బొర్రా దగ్గర ఆమె లోయలోకి చూసి, "ఈ నీళ్ళు ఎక్కడికి పోతాయి?" అని అడిగింది. అది గోస్తని, తాటిపూడి జలాశయం నుంచి మన ఊరి కుళాయిల్లోకి వచ్చే నీళ్ళు కూడా దానివే, చివరికి భీమిలి దగ్గర సముద్రంలో కలుస్తుంది అని చెప్పాను. "ముప్పై ఏళ్ళు ఆ నీళ్ళే తాగాం, ఒక్కసారీ చూపించలేదేం" అంది. ఆ మాటలో కోపం లేదు. కోపంగా అని ఉంటే నాకు అంత బాధ కలిగేది కాదేమో.

ఆ తర్వాత మేము గోస్తని వెంట మూడు విడతలుగా ప్రయాణం చేశాం. మొదటిసారి బొర్రా గుహల్లో నది రాతిని తొలుస్తూ పోయే చోటు చూశాం. సున్నపురాతిలోకి ఇంకిన నీరు బొట్టు బొట్టుగా జారి వేల ఏళ్ళలో కట్టిన స్తంభాల మధ్య ఆమె చాలాసేపు నిలబడింది. రెండోసారి తాటిపూడిలో ఒక రోజు గడిపాం. మూడోసారి భీమిలిలో, నది సముద్రంలో కలిసే చోట, డచ్చివాళ్ళ పాత సమాధుల పక్కనుంచి నడుచుకుంటూ వెళ్ళి సాయంత్రం దాకా కూర్చున్నాం. మూడు ప్రయాణాలకూ కలిపి అయిన ఖర్చు మీ మోటారు సైకిలు సర్వీసింగుకు సరిపోదు. కాశీ నుంచి వచ్చిన రాత్రి ఆమె అడిగిన ప్రశ్నకు నా జవాబు ఆ సాయంత్రం దొరికింది, ఎందుకంటే అప్పుడు ఇద్దరం కలిసే చూస్తున్నాం. మీ శ్రీమతికి కూడా దాదాపు మీ వయసే ఉంటుంది. నలభై ఐదుకూ యాభైకీ మధ్య చాలామంది స్త్రీలకు రుతువిరతి దశ వస్తుంది. నిద్ర చెదరడం, ఒళ్ళు ఉన్నట్టుండి వేడెక్కడం, మనసు ఊగిసలాడడం ఆ దశలో మామూలే. కూతురు ఇల్లు విడిచి వెళ్ళే సంవత్సరమే భర్త కూడా ఏడాది పాటు వెళ్ళిపోతే ఆమెకు ఎలా ఉంటుందో మీ ఉత్తరంలో ఒక్క వాక్యం లేదు. దయచేసి ఆ విషయం ఆమెనే అడగండి.

మీ ఇంటికి దగ్గరలోనే, భీమిలి రోడ్డులో, తొట్లకొండ ఉంది. 1988 నుంచి 1993 వరకు జరిగిన తవ్వకాల్లో అక్కడ బౌద్ధ స్తూపం, చైత్యాలు, భిక్షువుల గదుల పునాదులు బయటపడ్డాయి. రాతిలో తొలిచిన నీటి తొట్ల వల్లనే ఆ కొండకు ఆ పేరు. సంచారాన్నే జీవితంగా చేసుకున్న ఆ భిక్షువులకు కూడా వానాకాలంలో ఒకచోట నిలిచి ఉండాలన్న నియమం ఉండేది, దాన్ని వర్షావాసం అంటారు. నిత్యం తిరిగేవాళ్ళకే ఆగడం ఒక విధిగా పెట్టినప్పుడు, సంసారికి తిరగడంతో పాటు ఆగి చూడడం కూడా రావాలి. 2014 అక్టోబరు 12న హుద్‌హుద్ తుపాను వచ్చి వెళ్ళాక విశాఖ కొండలన్నీ ఆకు లేకుండా గోధుమరంగుకు తిరిగిపోవడం మీకూ గుర్తుండే ఉంటుంది. నేను ఆ తర్వాత వారం వారం కైలాసగిరి వైపు నడిచి వెళ్ళి అదే కొండను చూసేవాణ్ణి. మోళ్ళకు చిగుళ్ళు ఏ పక్క నుంచి మొదలయ్యాయో, ఏ చెట్టు మళ్ళీ లేవలేదో నాకు తెలుసు. యాభై ఏళ్ళ వయసులో నాకు అది ఏ హిమాలయ దర్శనానికీ తక్కువ కాలేదు.

లదాఖ్ కోరిక మీలో బలంగా ఉంటే దాన్ని చంపుకోమని అనను. నెల సెలవులో రెండు వారాలు దానికి కేటాయించండి, వీలైతే మీ ఇద్దరూ వెళ్ళండి. లేహ్ సుమారు 3,500 మీటర్ల ఎత్తున ఉంటుంది. సముద్ర తీరంలో బతికిన మన శరీరాలకు ఆ పలుచని గాలి అలవాటు కావడానికి మొదటి రెండు రోజులు కేవలం విశ్రాంతికే ఇవ్వాలి. రక్తపోటు, మధుమేహం, గుండె పరీక్షలు చేయించుకుని, వైద్యుణ్ణి అడిగి బయలుదేరండి. తలనొప్పి, వాంతులు, ఆయాసం పెరుగుతుంటే మొండికేయకుండా కిందికి దిగిపోవాలి.

కానీ లదాఖ్ కంటే ముందు మీరు వెళ్ళవలసిన చోటు ఒకటి ఉంది. మీ నాన్నగారి గురించి మీరు రాసినది ఒక్క వాక్యమే, ఆ వాక్యంలోనే మీ మెలకువకు కారణం ఉందేమోనని నా అనుమానం. షిప్‌యార్డు ఉన్న ఆ ప్రాంతాన్ని ఈ రోజుకూ సింధియా అనే పిలుస్తాం, 1941లో దానికి పునాది వేసిన ఓడల కంపెనీ పేరు అది. స్వాతంత్ర్యం వచ్చాక కట్టిన తొలి పెద్ద ఓడ జల ఉషను 1948లో నెహ్రూ గారు అక్కడే నీళ్ళలోకి దింపారు. మీ నాన్నగారు ఆ గేటులోంచి ఎన్ని వేల ఉదయాలు లోపలికి వెళ్ళి ఉంటారో లెక్కవేయండి. ఆయన షిఫ్టుకు ఏ సమయంలో బయలుదేరేవారో అమ్మగారిని అడిగి, అదే సమయానికి, ఆయన వెళ్ళిన దారిలోనే, సైకిలు మీదనో నడిచో ఒకసారి ఆ గేటు దాకా వెళ్ళండి. ఆయనతో పనిచేసినవాళ్ళు ఆ చుట్టుపక్కల ఇంకా ఉంటారు, వాళ్ళను వెతకండి. ఆయన 46 ఏళ్ళ వయసులో ఎలా ఉండేవారో, దేనికి భయపడేవారో, మీ గురించి ఏం చెప్పేవారో వాళ్ళకు తెలిసి ఉంటుంది. ఆ వయసు నాన్నను మీరు చూశారు గానీ, అప్పుడు మీరు చిన్నవాళ్ళు, మరీ దగ్గరగా ఉన్నారు.

నేనూ మా తమ్ముడూ కుదిరిన ఏడాదల్లా గిరి ప్రదక్షిణ చేస్తున్నాం. ఇప్పుడు అతను మోకాలికి పట్టీ వేసుకుని నడుస్తాడు, అందువల్ల అందరికంటే వెనక, తెల్లవారాక చేరతాం. వచ్చే ఆషాఢంలో మీరు, మీ శ్రీమతి వస్తానంటే మధ్యాహ్నం మూడు గంటలకు తొలిపావంచా దగ్గర మీకోసం చూస్తాం. కొబ్బరికాయలు మేమే తెస్తాం. పాదాలకు రాసుకోవడానికి కొబ్బరినూనె, ఒక తువ్వాలు, మంచినీళ్ళ సీసా తెచ్చుకోండి, అప్పుఘర్ దగ్గర కాసేపు కూర్చుంటాం.